చెయ్యి పట్టి చూడని రోజు

ఏప్రిల్ 22, మంగళవారం

ఆగయ్య బావ బతికాడు. నిన్న కరీంనగర్‌లో గుండెకు స్టెంటు వేశారు. నా వల్లే బతికాడని బస్తీ అంతా అంటోంది. ఇవాళ ఇంతకంటే రాయబుద్ధి కావడం లేదు.

ఏప్రిల్ 24, గురువారం

దవాఖానలో ఒకటే పొగడ్తలు. సూది వేయించుకోవడానికి వచ్చినవాళ్ళు సూది సంగతి మర్చిపోయి, ఆ సాయంత్రం ఏమైందో చెప్పమంటున్నారు. చెప్పాను. అడిగిన ప్రతివాళ్ళకూ చెప్పాను. లింగవ్వక్క చెప్పులు కూడా లేకుండా ఉరికి రావడం, నేను వెళ్ళేసరికి బావ గోడకు ఒరిగి బూడిద రంగు ముఖంతో ఉండటం, నేను ఆస్ప్రిన్ నమిలించడం, వాళ్ళ కొడుకు శివ తన ఆటోలోనే బొగ్గు కంపెనీ దవాఖానకు తీసుకుపోవడం, అక్కడినుంచి అంబులెన్సులో కరీంనగర్‌కు పోవడం. అన్నీ జరిగినవే. ఒక్క అబద్ధం చెప్పలేదు.

ఆ పొద్దున కూడా బావ బొగ్గుబాయిలో నైట్ షిఫ్టు దిగి ఇంటికి పోతూ ఒకసారి దవాఖానకు వచ్చిపోయాడు. ముఖమంతా చెమటలు పట్టి ఉన్నాడు. ఎండాకాలం గోదావరిఖనిలో చెమట పట్టని మనిషి ఎవడు? అదేం పెద్ద విషయం కాదు.

ఏప్రిల్ 25, శుక్రవారం

పెద్ద విషయం కాదని రాసి పడుకున్నాను. నిద్ర వస్తే ఒట్టు. సరే, రాస్తాను. నా డైరీ, నా ఏడుపు. ఎవరు చదవొచ్చారు?

ఈ దవాఖాన సర్కారుది కాదు, కంపెనీది కాదు, మాది. కరోనా ఏడాది కంపెనీ కార్డు లేని కాంట్రాక్టు కూలీల పిల్లలు జ్వరాలతో పడి ఉంటే, మూతపడ్డ పాత క్యాంటీన్ గది తాళం తీయించి మొదలుపెట్టాం. ఇంటికొకరు వంతులవారీగా డ్యూటీ చేస్తారు. ఒకరు ఊడుస్తారు, ఒకరు నీళ్ళు కాస్తారు, ఒకరు ముసలివాళ్ళను ఇళ్ళ నుంచి నడిపించుకొస్తారు. నర్సింగ్‌హోమ్‌లో సిస్టరుగా చేసి మానేసినదాన్ని కాబట్టి రోజూ నేనుంటాను. ఆదివారం జ్యోతినగర్ నుంచి డాక్టర్ ధరణి వస్తుంది. ఇదంతా నాకు తెలియక రాస్తున్నానా? రాయాల్సిన ముక్క వేరే ఉంది. మొదటి రోజు అందరం కూర్చుని ఒకే ఒక్క కట్టుబాటు పెట్టుకున్నాం. బెంచీ మీద కూర్చున్న మనిషిని చెయ్యి పట్టి చూడకుండా పంపొద్దు. తాగి వచ్చినా సరే, కొట్లాడి వచ్చినా సరే, పొద్దుపోక వచ్చినా సరే. ఆ మాట అన్నది నేనే. ఎంత గొప్పగా అన్నానో!

ఇక సోమవారం పొద్దున సంగతి. బావకు సర్వీసు ఇంకా రెండేళ్ళ పైచిలుకు ఉంది. రెండేళ్ళు మిగిలి ఉండగానే మెడికల్ బోర్డు అన్‌ఫిట్ అంటే శివకు ఆయన ఉద్యోగం వస్తుంది, ఆ గడువు దాటితే రాదు. మా బస్తీలో యాభై దాటిన మగాళ్ళలో బోర్డుకు ముందు దగ్గు నేర్చుకునేవాళ్ళున్నారు, కుంటడం నేర్చుకునేవాళ్ళున్నారు. ఆగయ్య బావ గుండెనొప్పి నేర్చుకుంటున్నాడు. చాయ్ హోటల్ దగ్గర చేసి చూపిస్తే దోస్తులు మార్కులు వేసేవాళ్ళు.

అట్లాంటి మనిషి వచ్చి బెంచీ మీద కూర్చున్నాడు. రొమ్ము మీద చెయ్యి పెట్టుకుని, "మర్దలా, గిక్కడ పట్టేసినట్టయితుంది" అన్నాడు.

బెంచీ నిండా జనం. నా నోరు ఊరుకుంటుందా?

"బోర్డు ఇంకా పిలువనే లేదు గదా బావా, గప్పుడే రిహార్సలా? చెయ్యి మంచిగనే పెట్టినవ్. ముఖమే జర పుల్లగ పెట్టాలె."

అందరూ గొల్లుమన్నారు. బావ కూడా నవ్వాడు. నవ్వుతూనే లేచి వెళ్ళిపోయాడు.

నేను చెయ్యి పట్టి చూడలేదు.

లింగవ్వక్కది మా ఊరే. చిన్నప్పటి నుంచి అక్కా అని పిలుస్తాను కాబట్టి ఆయన నాకు బావ. బావను మరదలు ఆటపట్టించక ఎవరు పట్టిస్తారు? ఆయన నన్ను తక్కువ ఆడించాడా? నవ్వు నాలుగు విధాల చేటని మా అవ్వ ఊరికే అనేది. అన్నప్పుడల్లా అవ్వ మీద కూడా నవ్వేదాన్ని.

ఏప్రిల్ 26, శనివారం

అందరూ నవ్వారు. నేనొక్కదాన్నే కాదు.

మే 4, ఆదివారం

బావను ఇంటికి తెచ్చారు. బత్తాయిలు పట్టుకుని చూడటానికి వెళ్ళాను. నాకంటే ముందే నా పేరు ఆ ఇంట్లో కూర్చుని ఉంది. వచ్చిన చుట్టాలందరికీ లింగవ్వక్క నన్ను చూపించి, "గీ శోభ లేకుంటె నా పుస్తె తెగుతుండె" అని చెప్తోంది. ఒక ముసలామె నా గడ్డం పట్టుకుని ముద్దు పెట్టుకుంది. భూమి చీలితే బాగుండుననిపించింది.

బావ మంచం మీద సగానికి సగం అయిపోయి ఉన్నాడు. నన్ను చూసి నవ్వాడు. అదే నవ్వు. ఆ పొద్దున నవ్విన నవ్వే. నేను బత్తాయిలు ఎక్కడ పెట్టాలో తెలియక చేతిలోనే పట్టుకుని నిలబడ్డాను.

కరీంనగర్ డాక్టరు ఏమన్నాడో శివ చెప్పాడు. పొద్దున నొప్పి మొదలైనప్పుడే తెచ్చి ఉంటే గుండె ఇంత దెబ్బతినేది కాదట. ఇక బరువు ఎత్తొద్దట, మెట్లు ఎక్కినా ఆగి ఆగి ఎక్కాలట. "బాపు పొద్దున ఎవ్వలకు చెప్పలే చిన్నమ్మా, ఇంట్ల గూడ చెప్పకుంట పండుకున్నడు" అన్నాడు శివ. బావ అటు తిరిగి పడుకున్నాడు. వాకిట్లోకి వచ్చి చెప్పులు వేసుకున్నాను.

చెప్పాడు శివా, మీ బాపు చెప్పాడు. నాకే చెప్పాడు.

మే 5, సోమవారం

నిన్న ఎందుకు చెప్పలేదో బాగా ఆలోచించాను. చెప్తే ఏమవుతుంది? ఆగయ్య నటిస్తున్నాడనుకుని శోభ పంపేసిందట అని బస్తీ అంతా తెలుస్తుంది. బస్తీలో తెలిస్తే బాయి దగ్గర తెలుస్తుంది. బాయి దగ్గర తెలిస్తే బోర్డుకు చేరదా? నటించే అలవాటున్న మనిషి అని ముద్ర పడితే, నిజంగా పాడైన గుండెను కూడా అనుమానంగానే చూస్తారు. శివ ఉద్యోగం పోతుంది. కాంట్రాక్టు పని వదిలేసి ఆటో నడుపుకుంటున్నాడు పిల్లవాడు.

కాబట్టి నేను నోరు మూసుకోవడం వాళ్ళ మంచికే. ఇవాళ కాస్త నిద్ర పట్టవచ్చు.

మే 6, మంగళవారం

పట్టలేదు.

జూన్ 8, ఆదివారం

ధరణి డాక్టరమ్మ అందరి ముందూ అనేసింది. ఆగస్టులో దవాఖాన వార్షికోత్సవం నాడు శోభగారికి సన్మానం చేద్దామండీ, ఆగయ్యగారి చేతే శాలువా కప్పిద్దాం అని. చప్పట్లు. నేను వద్దన్నాను. వద్దన్నకొద్దీ చూశారా ఎంత అణకువో అన్నారు. నా నోటికి అణకువ ఉందని ఈ బస్తీలో మొదటిసారి విన్నాను.

ఇంటికి వచ్చి మా ఆయన మీద విరుచుకుపడ్డాను. చారులో ఉప్పు లేదన్నాడు పాపం. రఘుపతి బాయిలో పంపు ఆపరేటరు. నీళ్ళ చప్పుడు విని విని మాట్లాడటం మర్చిపోయిన మనిషి. నేను అరవడం అయిపోయేదాకా ఆగి, ఏమైందని అడిగాడు. ఆ పొద్దున సంగతి మొదటిసారి ఒక మనిషికి చెప్పాను. శివ ఉద్యోగం కోసమే ఊరుకున్నానని కూడా చెప్పాను.

ఆయన చెయ్యి కడుక్కుని వచ్చి, "పోరని నౌకరి కోసమైతె మంచిదే. గని నువ్వు గా పోరని నౌకరి ఎనుక దాక్కుంటున్నవేమో సూసుకో" అన్నాడు.

ఎప్పుడూ మాట్లాడని మనిషి మాట్లాడితే ఇదే గొడవ. పడుకోమన్నాను.

జూన్ 23, సోమవారం

మోకాళ్ళ నొప్పుల పూలమ్మ వచ్చింది. వచ్చి కూర్చోగానే నా చెయ్యి తీసి తన నెత్తిన పెట్టుకుంది. "ఒట్టు బిడ్డా, నిజంగనే నొస్తుంది" అన్నది.

నేను నవ్వి, నేనేమన్నా కాదన్నానా అవ్వా అన్నాను. మాత్రలిచ్చి పంపాను.

జూన్ 24, మంగళవారం

ఇవాళ గుర్తుపెట్టుకుని విన్నాను. జ్వరం పిల్లను ఎత్తుకొచ్చిన తల్లి, "నిజంగనే అక్కా, ఒళ్ళు పేలిపోతుంది, కావాల్నంటె పట్టుకొని సూడు" అన్నది. నడుము పట్టేసిన కాంట్రాక్టు కూలి, "తాగలే అక్కా, దొంగ నొప్పి గాదు" అన్నాడు. ఇంకొకతను నొప్పి ఎక్కడో అడిగితే, చెప్పడానికి ముందు బెంచీ మీద ఉన్నవాళ్ళందరి ముఖాలూ చూసుకున్నాడు.

ఎవరికీ గుర్తు లేదనుకున్నాను. నవ్విన వాళ్ళంతా ఆ పొద్దునను మర్చిపోయారనుకుని లోలోపల కొంచెం సంతోషపడ్డాను కూడా. ఛీ! అందరికీ గుర్తుంది. ఒక్కళ్ళూ మర్చిపోలేదు. నా ముఖం మీద అనలేక, పొగిడి, చప్పట్లు కొట్టి, నా దగ్గరికి వచ్చినప్పుడు మాత్రం ముందుగా ఒట్టు పెట్టుకుంటున్నారు.

పూలమ్మకు డెబ్బై ఏళ్ళు. ఆమె మోకాళ్ళు ఉబ్బి గుమ్మడికాయల్లా ఉంటాయి. ఆమె నా దగ్గర ఒట్టు పెట్టింది. తలకాయ ఎక్కడ పెట్టుకోవాలో తెలియడం లేదు.

జూలై 6, ఆదివారం

ఇది కూడా రాయకపోతే ఈ పుస్తకం తగలబెట్టడమే మంచిది.

బావకు నొప్పి నేర్పింది నేనే.

ఫాల్గుణంలో, కాముని పున్నం దాటాక, లింగవ్వక్క ఇంట్లో అటుకులు తింటూ కూర్చున్నాం. బావ కుడివైపు చెయ్యి పెట్టుకుని మూలిగి చూపించాడు. నేను కడుపు పట్టుకుని నవ్వాను. గుండె అటు కాదు బావా, ఇటు అన్నాను. లేచి వెళ్ళి చెయ్యి పట్టి సరైన చోట పెట్టాను. అరచెయ్యి మొత్తం ఆనించాలి, వేలితో చూపిస్తే గ్యాస్ అంటారు అని చెప్పాను. దవడ లాగుతోంది, ఎడమ చెయ్యి బరువుగా ఉంది అనాలని చెప్పాను. ఊపిరి మధ్యలో ఆపి మాట్లాడమన్నాను. బావ ఆ సాయంత్రమంతా చేసి చూపించాడు. బోర్డులో నువ్వే పాస్ అన్నాను.

ఏప్రిల్‌లో ఆ పొద్దున ఆయన చెయ్యి సరిగ్గా నేను పెట్టించిన చోటే ఉంది. అరచెయ్యి మొత్తం ఆనించి ఉంది. అందుకే నాకు అంత నవ్వొచ్చింది. నేర్పిన పాఠం అప్పజెప్పాడనుకున్నాను.

ఫాల్గుణంలో ఆయనకు చెయ్యి పట్టి నేర్పాను. ఆ పొద్దున చెయ్యి పట్టి చూడలేదు. ఎండ మీద, జనం మీద, బావా మరదళ్ళ వరస మీద, చివరికి శివ ఉద్యోగం మీద కూడా నెట్టాను. ఇంక నెట్టడానికి ఎవరూ మిగల్లేదు.

జూలై 31, గురువారం

బోర్డు బావను అన్‌ఫిట్ చేసింది. రిపోర్టులు చూసి ఎక్కువసేపు కూడా అడగలేదట. శివకు ఉద్యోగం ఖాయం. లింగవ్వక్క బస్తీ అంతా పేడాలు పంచింది. మా ఇంటికి మాత్రం రెండు డబ్బాలు తెచ్చింది.

నా సాకు తీరిపోయింది. ఇప్పుడు చెప్తే ఎవరికీ నష్టం లేదు. పోయేదేమీ లేనప్పుడు చెప్పే నిజానికి విలువేముంది అని కూడా అనిపిస్తోంది. ఇది కొత్త సాకు అని నాకే తెలుస్తోంది.

పేడాలు అట్లాగే ఉన్నాయి. మా ఆయన కూడా ముట్టుకోలేదు.

ఆగస్టు 16, శనివారం

రేపు. చీర ఇస్త్రీ చేసి పెట్టాను. సిగ్గు లేనిదాన్ని.

ఆగస్టు 17, ఆదివారం

చెప్పాను.

క్యాంటీన్ గది ముందు టెంటు వేశారు. ధరణి డాక్టరమ్మ నా గురించి మంచి మంచి మాటలు చెప్పింది. బావ శాలువా పట్టుకుని లేచాడు. రెండు అడుగులు వేసి ఆయాసపడి ఆగాడు. ఎవరూ నవ్వలేదు. ఆ ఆగడం చూశాక నేను ఇంక కూర్చోలేకపోయాను. ఆయన దగ్గరికి నేనే వెళ్ళి, శాలువా తీసుకుని కుర్చీ మీద పెట్టి, మైకు అందుకున్నాను.

ఏం చెప్పానో వరసగా గుర్తులేదు. బావ ఆ పొద్దున బెంచీ మీద కూర్చున్నాడని చెప్పాను. నేను వెక్కిరించి పంపానని చెప్పాను. మన కట్టుబాటును నేనే తప్పానని, పొద్దున్నే చెయ్యి పట్టి చూసి ఉంటే ఈ మనిషి ఇవాళ రెండు అడుగులకు ఆగేవాడు కాదని చెప్పాను. నేనే నేర్పానని చెప్పబోతే గొంతు పూడుకుపోయింది. ఏడుపు మొదలైంది. నేర్పిన సంగతి మైకులో చెప్పలేదు. గొంతు నిజంగానే పూడుకుపోయిందో, నేనే పూడనిచ్చానో తెలియదు.

వెంటనే నలువైపుల నుంచీ మాటలు. గదేమాయె పో అక్కా. మేమందరం నవ్వినం గదా. ఒక్కదాని తప్పా? సాయంత్రం కాపాడినవ్ గదా. ఎంత జల్ది మాఫీ చేశారో! నన్ను మాఫీ చేస్తే నవ్విన వాళ్ళకు కూడా మాఫీ అయిపోతుంది. ఆ మాఫీ నాకు ఒంటికి అంటలేదు.

బావ కుర్చీలో కూర్చునే మైకు అడిగాడు. మెల్లగా అన్నాడు.

"గన్ని దినాలు నేర్సుకున్న గదా. అసలుది వచ్చినంక గుర్తు పట్టలే. నాకే నమ్మబుద్ధి కాలే. మర్దలు నవ్వితె, గిది నటనే గావచ్చని నేను గూడ నవ్విన."

ఎవరి దగ్గర నేర్చుకున్నాడో చెప్పలేదు. నా వైపు చూడలేదు కూడా. నన్ను కాపాడుతున్నాడు. నేను కాపాడినట్టు సాయంత్రం దాకా ఆగి కాదు, పొద్దున్నే కాపాడుతున్నాడు.

అప్పుడు పూలమ్మ వెనక వరసలోంచి లేచింది. ఆమెకు ఏడుపులూ మాఫీలూ పట్టవు. "అయితె ఇగ ఒట్టు వెట్టాల్నా, వద్దా బిడ్డా? గది జెప్పు" అన్నది.

వద్దు అవ్వా అన్నాను. ఈ దవాఖానలో ఎవరూ ఒట్టు పెట్టొద్దు, నొప్పి అంటే నొప్పే అన్నాను. ఆమె సరేనని కూర్చుంది. ఈ సభలో నన్ను ఒక పని అడిగింది ఆమె ఒక్కతే.

శాలువా కుర్చీ మీదే వదిలేసి వచ్చాను.

ఆగస్టు 18, సోమవారం

కరీంనగర్ ఆసుపత్రి వరండాలో కూర్చుని మందుల చీటీ వెనక రాస్తున్నాను. ఇంటికి పోయాక పుస్తకంలో అంటించాలి.

పొద్దున తాళం తీయడానికి వెళ్ళేసరికి బావ దవాఖాన మెట్టు మీద కూర్చుని ఉన్నాడు. లోపలికి వచ్చి బెంచీ మీద కూర్చున్నాడు. ఏంది బావా గింత పొద్దుగాల అంటే, ఉత్తగనే వచ్చిన, నిన్న ఏడిస్తివి గదా, ఎట్లున్నవో సూద్దామని వచ్చిన అన్నాడు. నవ్వాడు. చేతులు రెండూ ఒళ్ళో పెట్టుకుని ఉన్నాడు. ఎడమ చెయ్యిని కుడి చెయ్యి గట్టిగా పట్టుకుని ఉంది.

నొప్పి ఉన్నదా అని అడిగాను. లేదన్నాడు. దవడ లాగుతుందా అంటే లేదన్నాడు. మంచిగున్న, ఏం ఫికర్ లేదన్నాడు. మాట మధ్యలో ఊపిరి ఆగింది. ఆగలేదన్నట్టు దగ్గాడు.

ఉన్నట్టు చేయడం నేను నేర్పాను. లేనట్టు చేయడం ఆయనే నేర్చుకున్నాడు. ఎవరి కోసమో నాకు తెలుసు. సభ జరిగిన మర్నాడే నన్ను మళ్ళీ ఆ ఏప్రిల్‌కు ఈడ్చుకుపోవడం ఇష్టం లేక.

"ఒట్టు పెట్టు బావా" అన్నాను. ఎవరూ ఒట్టు పెట్టొద్దని నిన్న పదిమందిలో చెప్పిన నోటితోనే.

చెయ్యి చాపి నిలబడ్డాను. బావ ఆ చెయ్యి వైపు చూశాడు, కిటికీ వైపు చూశాడు. ఒట్టు పెట్టలేదు.

ఆయన చెయ్యి పట్టుకున్నాను. చల్లగా, తడిగా ఉంది. ఒక చేత్తోనే శివకు ఫోన్ చేశాను. ఆటోలో కంపెనీ దవాఖాన దాకా, అక్కడినుంచి అంబులెన్సులో కరీంనగర్ దాకా ఆ చెయ్యి వదల్లేదు. ఏం లేదు మర్దలా, ఏం లేదు అని బావ దారి పొడుగునా అంటూనే ఉన్నాడు. బావా, కుడివైపు పెట్టుకున్న చెయ్యిని ఇటు పెట్టించింది నేను, నాకు చెప్పకు అన్నాను. ముందు కూర్చున్న శివ వెనక్కి తిరిగి చూశాడు. విన్నాడు. విననీ.

లోపల డాక్టర్లు చూస్తున్నారు. లింగవ్వక్క నా పక్కన కూర్చుంది. శివ ఆమెకు చెప్పినట్టున్నాడు. నాతో మాట్లాడటం లేదు, లేచి అవతలికీ పోవడం లేదు. ఎదురుగా క్యాంటీన్‌లో ఇంకా ఇడ్లీలు పెడుతున్నారు.

ఈసారి పొద్దున్నే వచ్చాం.